క్రాకోవ్ నుంచి ఆష్విట్జ్‌కి: హోలోకాస్ట్ స్థలాలను గైడ్‌తో ఎలా చూడాలి?

పోలాండ్‌లోని క్రాకోవ్‌లో ఉద్యోగానికి వచ్చినప్పటి నుంచి మా ఇంటికి వచ్చే చుట్టాలూ స్నేహితులూ బ్యాగులు దించగానే అడిగేది ఒకటే: "ఆష్విట్జ్ ఎప్పుడు వెళ్దాం?" రెండో ప్రపంచ యుద్ధంలో నాజీ జర్మనీ యూదులను మూకుమ్మడిగా చంపింది, దాన్నే హోలోకాస్ట్ అంటారు. వాళ్లను లక్షల్లో చంపిన శిబిరం ఆష్విట్జ్. ఇప్పటికి పదిహేనుసార్లకు పైనే తీసుకెళ్లి ఉంటాను. అక్కడ మనవాళ్లు కనిపించినప్పుడల్లా సంతోషిస్తాను. ఆ వెంటనే బాధ కూడా కలుగుతుంది. ఎందుకంటే ఎక్కువమంది వచ్చేది ఒక్కరోజు ప్యాకేజీలో. పొద్దున ఆష్విట్జ్, మధ్యాహ్నం వియెలిచ్కా ఉప్పు గని, రాత్రికి ఫ్లైట్. మొదటిసారి నేనూ అలాంటి ప్యాకేజీలోనే వెళ్లాను. ఆష్విట్జ్‌లో రెండో శిబిరమైన బిర్కెనౌ గేటు దగ్గర దింపి, అరగంటలో వ్యాన్ దగ్గర ఉండమన్నారు. ఏం చూశావని ఇంట్లో అడిగితే గేటు చూశానని చెప్పాల్సి వచ్చింది.

ఉప్పు గనిని ఇంకో రోజుకు పెట్టుకోండి. ఈ యాత్రకు కనీసం రెండు రోజులు కావాలి, అది కూడా ఒక వరుసలో: ముందు ఆ మనుషులు బతికిన పేట, తర్వాత వాళ్లను బంధించిన పేట, చివరికి చంపిన చోటు. ఈ వరుస మార్చొద్దు. చావు ఒక్కటే చూసి వస్తే పోయింది ఎవరో మనకు తెలియకుండానే పోతుంది.

టికెట్, సామాను

ఆష్విట్జ్ మ్యూజియం లోపలికి వెళ్లడానికి డబ్బు కట్టక్కర్లేదు, కానీ ముందే స్లాట్ బుక్ చేసుకోవాలి. గైడ్‌కి మాత్రం రుసుము ఉంటుంది. ఎండాకాలమైతే రెండు నెలల ముందే మ్యూజియం సొంత వెబ్‌సైట్‌లో చూడండి. ఇంగ్లిష్ టూర్లు రోజూ చాలా ఉంటాయి. పేరు పాస్‌పోర్టులో ఉన్నట్టే ఇవ్వండి. ఇంటిపేరుకు బదులు ఒక అక్షరం పెట్టి, పిలిచే పేరు రాసి, గేటు దగ్గర టెన్షన్ పడ్డ మనవాళ్లను చూశాను.

చిన్న బ్యాగు మాత్రమే లోపలికి రానిస్తారు. పులిహోర డబ్బాలు వద్దు, పొద్దున్నే కడుపునిండా తిని రండి. నడిచి నడిచి అలవాటైన బూట్లు వేసుకోండి. చలికాలంలో మీరు అనుకున్నదానికంటే ఇంకో స్వెట్టర్ ఎక్కువ ఉండాలి, బిర్కెనౌలో గాలికి అడ్డమేమీ లేదు. పద్నాలుగేళ్లలోపు పిల్లల్ని తీసుకురావద్దని మ్యూజియమే సలహా ఇస్తుంది, అది పాటించండి.

ఇంకో మాట మనవాళ్లకే ప్రత్యేకంగా చెప్పాలి. మెడలో స్వస్తిక్ లాకెట్ కానీ, బ్యాగు మీదో ఫోన్ కవర్ మీదో ఆ గుర్తు కానీ ఉంటే గదిలోనే తీసి పెట్టి రండి. మన గడప మీద వేసుకునే గుర్తు వేరు, నాజీల జెండా వేరు అని మనకు తెలుసు. కానీ ఆ జెండా కింద ఇంటిల్లిపాదినీ పోగొట్టుకున్న కుటుంబంలో పుట్టిన మనిషి మీ పక్కనే నడుస్తుండవచ్చు. ఆ మనిషికి అక్కడ పాఠం చెప్పడం మన పని కాదు. అలాగే కోపిష్టి హెడ్మాస్టర్ని "హిట్లర్" అనడం మనకు చిన్నప్పటి అలవాటు. ఆ రెండు రోజులూ ఆ మాట నోట్లోంచి రానివ్వకండి. నేనైతే పూర్తిగానే మానేశాను.

మొదటి రోజు: కజీమియెష్, తర్వాత నది అవతల

కజీమియెష్ 1335లో రాజు మూడో కజీమియెష్ విడిగా కట్టించిన ఊరు. ఇప్పుడు క్రాకోవ్‌లో ఒక పేట. యుద్ధానికి ముందు క్రాకోవ్‌లో 60,000 మందికి పైగా యూదులు ఉండేవారు, అంటే ఊళ్లో దాదాపు నలుగురిలో ఒకరు. రికార్డు చేసిన వ్యాఖ్యానం వినిపిస్తూ తిప్పే బ్యాటరీ బండ్లు అడుగడుగునా పిలుస్తాయి. ఎక్కకండి. గుమ్మాల మీద కళ్లు నిలవాలంటే నడవాల్సిందే. నడిపించే గైడ్‌ని మాట్లాడుకోండి.

షెరోకా వీధిలో రెముహ్ అనే యూదుల ప్రార్థనా మందిరం ఉంది. 1550లలో కట్టింది. శనివారం సబ్బాతు, అంటే యూదుల విశ్రాంతి దినం కాబట్టి మూసి ఉంటుంది, ఆ రోజు పెట్టుకోకండి. మగవాళ్లు తల కప్పుకోవాలి. వెనకే పాత శ్మశానం. 1572లో కన్నుమూసిన రబ్బీ (యూదు మతగురువు) మోషె ఇస్సర్లెస్ సమాధి అక్కడే ఉంది. దానిమీద పువ్వులు కనిపించవు, చిన్న చిన్న రాళ్లు ఉంటాయి. మీరూ ఒక రాయి పెట్టవచ్చు. శ్మశానం నుంచి బయటికి వస్తూ యూదులు చేతులు కడుక్కుంటారు. మనం కాళ్లూ చేతులూ కడుక్కోకుండా ఇంట్లోకి రాం కదా, అలాగే. యుద్ధంలో పగలగొట్టిన సమాధి రాళ్ల ముక్కలను ఏరి కట్టిన గోడ ఒకటి ఆ ఆవరణలోనే ఉంది. దాని ముందు తొందరపడొద్దు. ఒక ముక్కలో ఒక అక్షరం, పక్క ముక్కలో ఇంకొకరి పేరులో సగం.

మధ్యాహ్నం విస్తులా నది వంతెన దాటి పొడ్‌గూజె వెళ్లండి. 1941 మార్చిలో నాజీలు యూదులను ఇక్కడికి తోలి గోడ కట్టారు. అలా బంధించిన పేటనే గెట్టో అంటారు. అంతకుముందు మూడు వేల మంది ఉన్న చోట పదిహేను వేల మందికి పైగా. ఆ గోడ ముక్క ల్వోవ్‌స్కా వీధిలో ఇప్పటికీ ఉంది. పైఅంచు వరసగా సమాధి రాళ్ల ఆకారంలో వంపులు తిరిగి ఉంటుంది. లోపల ఉన్నవాళ్లు రోజూ చూసింది అదే. 1943 మార్చి 13, 14 తేదీల్లో ఆ గెట్టోను ఖాళీ చేయించారు. పని చేయగలవాళ్లను ప్వాషూవ్ అనే వెట్టిచాకిరీ శిబిరానికి తరలించారు. మిగిలినవాళ్లలో కొందరిని వీధుల్లోనే చంపారు, కొందరిని ఆష్విట్జ్‌కి పంపారు. వాళ్లను పోగుచేసిన కూడలిలో ఇప్పుడు 70 లోహపు కుర్చీలు ఖాళీగా నిలబడి ఉన్నాయి. ఇళ్లలోంచి బయట పారేసిన సామానుకు గుర్తుగా పెట్టినవి. ట్రామ్ స్టాప్ పక్కన ఉన్న చిన్నవాటిలో ఊరివాళ్లు కూర్చుంటారు, అది తప్పు కాదు. పెద్దవాటి మీదకు ఎక్కి ఫోటోలు దిగడం మాత్రం చూడలేం. అదే కూడలి మూలన గద్ద గుర్తు మందుల షాపు ఉంది. గెట్టో లోపల ఉండిపోయి యూదులకు సాయం చేసిన పోలిష్ ఫార్మసిస్ట్ తదేవుష్ పాన్‌కియెవిచ్‌ది అది. ఇప్పుడు చిన్న మ్యూజియం. తన దగ్గర పనిచేసే యూదులను కాపాడిన జర్మన్ వ్యాపారి షిండ్లర్ ఫ్యాక్టరీకి అందరూ ఎగబడతారు, దీన్ని దాటి పోతారు. టైము లేకపోతే నేను చూడమనేది మందుల షాపునే.

రెండో రోజు పొద్దున: మొదటి శిబిరం

క్రాకోవ్ నుంచి బస్సులో గంటన్నర ప్రయాణం. మొత్తం టూర్ మూడున్నర గంటలు. గేటు దాటాక హెడ్‌ఫోన్ పెడతారు, గైడ్ మెల్లగా మాట్లాడినా వినబడుతుంది. అందుకే గుంపులో అందరికంటే వెనక నడవండి. ముందు నడిచేవాళ్లను వెనకవాళ్లు నెడుతూ ఉంటారు. వెనక ఉంటే ప్రతి అద్దం ముందూ పది సెకన్లు ఎక్కువ దొరుకుతాయి. ఫోన్ లోపల పెట్టేయండి. నాలుగో బ్లాకులో స్త్రీల జుట్టు ఉన్న గదిలో, పదకొండో బ్లాకు నేలమాళిగలో ఫోటోలు నిషేధం. మిగతా చోట్ల తీసుకోవచ్చంటారు. నా లెక్కలో మాత్రం ఆ గేటు దాటాక ఫోన్ బయటికి తీయకూడదు.

ఐదో బ్లాకులో ఖైదీల సామాను గుట్టలు ఉంటాయి. మ్యూజియం దగ్గరున్న సూట్‌కేసులు దాదాపు 3,800, వాటిలో 2,100 మీద సొంతదారుల పేర్లు తెల్లరంగుతో రాసి ఉన్నాయి. బూట్లు లక్షా పదివేలు. ఈ లెక్కలు గైడ్ చెబుతారు. మా అమ్మ మాత్రం ఎనామిల్ గిన్నెల గుట్ట ముందు ఆగిపోయింది. మూతలు, మగ్గులు, పెచ్చులూడిన గిన్నెలు. కాసేపు చూసి, "ఊరు మారుతున్నాం, అక్కడ వండుకోవాలి అనుకుంటేనే కదరా గిన్నెలు సర్దుకుంటాం" అంది. అంతే. తూర్పున పని ఇస్తాం, కొత్తగా కాపురం పెట్టిస్తాం అని చెప్పి తెచ్చారు వాళ్లను. మీ ఇంటి పెద్దవాళ్లు ఎక్కడైనా ఆగితే ఆగనివ్వండి, చేయి పట్టి లాక్కుపోకండి.

బిర్కెనౌ: అసలు జాగ్రత్త ఇక్కడే

అందరూ పాడుచేసేది ఈ భాగాన్నే. మొదటి శిబిరం అయ్యేసరికి కాళ్లు లాగుతుంటాయి, గుండె బరువెక్కి ఉంటుంది. మధ్యలో చిన్న విరామం ఇస్తారు. అప్పుడే సగం మంది "ఇక చాలు" అంటారు. దయచేసి అనకండి. అక్కడి నుంచి మూడు కిలోమీటర్ల దూరం, ఉచిత బస్సు ఉంది. విరామంలో బాత్రూమ్‌కి వెళ్లండి, నీళ్లు తాగండి, ఎక్కండి. ఇక్కడికి తెచ్చిన 13 లక్షల మందిలో చంపింది 11 లక్షల మందిని. అందులో యూదులు దాదాపు 10 లక్షలు. ఎక్కువమంది చనిపోయింది బిర్కెనౌలోనే. మొదటి శిబిరం చూసి వెనక్కి వచ్చినవాళ్లు సగం చూసినట్టు కూడా కాదు.

ఇంకో చిక్కు ఉంది. మొదటి శిబిరంలో చూడటానికి వస్తువులు ఉంటాయి. ఇక్కడ ఉండవు. కనుచూపు మేర గడ్డి, ముళ్లతీగ, కాలి కూలిపోగా మిగిలిన ఇటుక పొగగొట్టాలు. "ఇక్కడేముంది చూడ్డానికి?" అని నాతో వచ్చినవాళ్లే అన్నారు. అందుకే ముందుగా ఒక విషయం చెప్పి తీసుకెళ్తాను. చేతి మీద నంబరు పచ్చబొట్టు ఇక్కడికి వచ్చిన అందరికీ వేశారని చాలామంది అనుకుంటారు. కాదు. పనికి ఏరుకున్నవాళ్లకే నంబరు. శిబిరం రికార్డుల్లోకి ఎక్కింది దాదాపు 4 లక్షల మంది. మిగతావాళ్లకు నంబరు లేదు, ఫోటో లేదు, బట్ట లేదు, మంచం లేదు. రైలు దిగిన కొన్ని గంటల్లోనే అయిపోయింది. వాళ్ల కోసం చూపించడానికి ఈ దారి తప్ప ఇంకేమీ మిగల్లేదు.

ఆ దారి మొత్తం నడవండి. గేటు నుంచి కూలిన గ్యాస్ చాంబర్ల (విషవాయువుతో చంపిన గదుల) దాకా దాదాపు కిలోమీటరు. పట్టాలు శిబిరం లోపలికి వేసింది 1944లో. ఆ ఏడాది మే నుంచి జూలై దాకా హంగరీ నుంచి 4 లక్షలకు పైగా యూదులను రైళ్లలో ఇక్కడికి దించారు. ముసలివాళ్లు, పిల్లలు, పిల్లల్ని ఎత్తుకున్న తల్లులు ఒక పక్క, నేరుగా చావుకే. వాళ్లు నడిచింది మీరు నడిచే దారిలోనే. నా నియమం ఒకటి: గేటు నుంచి శిథిలాల దాకా ఎవ్వరూ మాట్లాడకూడదు. పట్టాల మీద బ్యాలెన్స్ చేస్తూ ఫోటోలు దిగొద్దని మ్యూజియమే బతిమాలాల్సి వచ్చింది. అలా దిగేవాళ్లు మీ గుంపులో ఉంటే మెల్లగా చెప్పండి. చెప్పడానికి మొహమాటపడకండి.

శిథిలాల మీదకు ఎక్కొద్దు, ఇటుక ముక్క కూడా తీసుకోవద్దు. సాక్ష్యం మిగలకూడదని 1945 జనవరిలో నాజీలే పేల్చేసిన కట్టడాలు అవి. మిగిలిందే సాక్ష్యం. సోవియట్ సైన్యం జనవరి 27న వచ్చేసరికి బతికున్నది దాదాపు ఏడు వేల మంది.

ఖైదీలను ఉంచిన చెక్క బారకులోకి (పొడవాటి షెడ్డులోకి) వెళ్లినప్పుడు గోడకు ఇనుప రింగుల కోసం చూడండి. గుర్రాలను కట్టేయడానికి పెట్టినవి. 52 గుర్రాల కోసం గీసిన ప్లాను అది. అందులో నాలుగు వందల మందికి పైగా మనుషుల్ని కుక్కారు.

ఇక్కడ గైడ్ టూర్ అయిపోయిందంటారు. అందరూ బస్సు వైపు తిరుగుతారు. మీరు తిరగొద్దు. బిర్కెనౌలో మూసేదాకా ఉండవచ్చు. "అంతమంది ఉండి ఎదురు తిరగలేదా?" అని ప్రతిసారీ ఎవరో ఒకరు అడుగుతారు. జవాబు వెనకవైపు చెట్ల దగ్గర ఉంది, చాలా టూర్లు అంతదూరం పోవు. శవాలను కాల్చే పనిలో పెట్టిన యూదు ఖైదీలు 1944 అక్టోబరు 7న తిరగబడి నాలుగో క్రెమటోరియాన్ని తగలబెట్టారు. మందుగుండు పొడిని ఫ్యాక్టరీలో పనిచేసే ఆడవాళ్లు కొంచెం కొంచెంగా దాచి అందించారు. ఆ పొడిని చేరవేయడంలో చేయి కలిపిన రోజా రొబోటాతో సహా నలుగురు ఆడవాళ్లను 1945 జనవరిలో ఉరి తీశారు. అక్కడి నుంచి దగ్గరలోనే సౌనా అనే పెద్ద కట్టడం ఉంది, కొత్త ఖైదీల బట్టలు ఊడదీయించి జుట్టు గొరిగిన చోటు. చివరి గదిలో, తమతో తెచ్చుకున్న కుటుంబ ఫోటోలను గోడల నిండా పెట్టారు. పెళ్లి ఫోటోలు, చెక్క గుర్రం మీద కూర్చున్న పిల్లాడు, నది ఒడ్డున నవ్వుతున్న అక్కాచెల్లెళ్లు. నేను తీసుకెళ్లిన ప్రతివాళ్లనీ ఈ గదిలో అరగంట కూర్చోబెడతాను.

తిరిగి వచ్చే ముందు

నేరుగా క్రాకోవ్ బస్సు ఎక్కకండి. పక్కనే ఓష్వియెంచిమ్ ఊరు ఉంది. దాన్నే జర్మన్లు ఆష్విట్జ్ అన్నారు. యుద్ధానికి ముందు ఊళ్లో సగానికి పైగా యూదులే. వాళ్ల ప్రార్థనా మందిరాల్లో ఒకటి మిగిలింది, ఇప్పుడు మ్యూజియంగా తెరిచి ఉంటుంది. ఇదీ శనివారం ఉండదు. దాని పక్కనే ఒక పాత ఇల్లు. ఊళ్లో చివరి యూదుడు షిమోన్ క్లూగర్ 2000లో చనిపోయేదాకా అందులోనే ఉన్నాడు. ఇప్పుడది చిన్న కేఫ్. అక్కడ టీ చెప్పుకుని, కిటికీ దగ్గర టేబుల్ ఖాళీగా ఉంటే అందులో కూర్చోండి. ఆ సాయంత్రానికి ఇంకే ప్రోగ్రామూ పెట్టుకోకండి.