దసరా గాలులకు ముందే గేముల ఖాతా చక్కబెట్టుకోండి

మా పర్లాకిమిడిలో దసరా సెలవులంటే పిల్లలు టీవీ ముందు, పెద్దలు ఆకాశం వంక చూస్తూ. 2013 అక్టోబరు 12న ఫైలిన్ తుపాను గోపాల్‌పూర్ దగ్గర ఒడ్డు దాటింది. 2018 అక్టోబరు 11న తిత్లీ పలాస వైపు దాటి మా గజపతి జిల్లా కొండల మీద విరుచుకుపడింది. 2021లో గులాబ్ సెప్టెంబరు 26నే వచ్చేసింది. బియ్యం, కొవ్వొత్తులు, మందులు, టార్చి సర్దుకోవడం బరంపురం నుంచి గుణుపురం దాకా ఎవరికీ చెప్పక్కర్లేదు. టీవీకి తగిలించి ఆడే కన్సోల్ మెషీన్లలో, అంటే పిల్లల ప్లేస్టేషన్‌లో, ఎక్స్‌బాక్స్‌లో డబ్బిచ్చి కొన్న గేముల సంగతి మాత్రం ఎవరూ తలచుకోరు. కొత్త గేము ఒక్కోటి నాలుగైదు వేలు. మూడేళ్లుగా కొన్నవన్నీ కూడితే మెషీను ధర దాటిపోతుంది.

మా ఇంట్లో ఏం జరిగిందో ముందు చెబుతాను. ఒక అక్టోబరు రాత్రి పిడుగు పడి మా అక్క వాళ్ల కన్సోల్ కాలిపోయింది. రిపేరు కుదరదన్నారు. నెల తర్వాత ఇంకోటి కొన్నాం. మా మేనల్లుడి గేములన్నీ డౌన్‌లోడ్ చేసుకున్నవే, ఒక్క డిస్కు లేదు. "డిస్కు లేకపోతే ఆట ఎలా వస్తాది?" అని అక్క భయపడింది. లాగిన్ అయితే వచ్చేస్తుందని ధైర్యం చెప్పాను. పాస్‌వర్డ్ ఎవరికీ గుర్తులేదు. మార్చుకుందామంటే ఓటీపీ పాత ఆంధ్రా నంబరుకు వెళ్తోంది. పాతపట్నం నుంచి ఇటు వచ్చేశాక ఆ సిమ్‌కు రీఛార్జి మానేశాం. ఆ నంబరు అప్పటికే ఇంకెవరికో ఇచ్చేశారు. కొన్నప్పటి రసీదు మెయిళ్లు, పాత అట్టపెట్టె మీది సీరియల్ నంబరు చూపించి ఖాతా వెనక్కి తెచ్చుకునేసరికి ఇరవై రోజులు పట్టింది. గేములన్నీ దిగాయి. మూడేళ్లు ఆడిన సేవ్‌లు, అంటే ఆట ఎక్కడిదాకా వచ్చిందో దాచే ఫైళ్లు, ఒక్కటీ లేవు. వాటిని కంపెనీ సర్వర్లో దాచే క్లౌడ్ చందా ఎప్పుడో ఆగిపోయిందని మాకెవరికీ తెలియదు. వాడు తెర వంక చాలాసేపు చూసి, "ఆటొచ్చింది గానీ నా ఆట రానేదు మావయ్యా" అన్నాడు. ఆ మాట నన్ను వదల్లేదు. అందుకే ఏటా సెప్టెంబరు మొదటి వారంలో మా చుట్టాల ఇళ్లన్నింటికీ తిరిగి కింద రాసిన పనులు చేయించి వస్తున్నాను.

మొదట ఒక సంగతి తెలుసుకోవాలి. మెషీనులో ఉన్నది గేము నకలు మాత్రమే. ఆడే హక్కు మీ ఖాతా పేరు మీద కంపెనీ సర్వర్లో ఉంటుంది. మెషీను కాలినా, తడిసినా, దొంగలు ఎత్తుకుపోయినా హక్కు పోదు. కొత్త మెషీనులో అదే ఖాతాతో లాగిన్ అయి మళ్లీ దించుకోవచ్చు, దానికి రూపాయి కట్టక్కర్లేదు. ఖాతా చేజారితే మాత్రం మెషీను ఎదురుగా ఉన్నా లాభం లేదు. కాబట్టి ముందు కాపాడుకోవాల్సింది ఖాతానే.

సెప్టెంబరులో చేయాల్సింది

ఖాతాకు ఏ ఫోను నంబరు కట్టి ఉందో చూడండి. సరిహద్దు జిల్లాల్లో మనందరికీ ఇదే పెద్ద గండం. ఒకటి ఆంధ్రా సిమ్, ఒకటి ఒడిశా సిమ్, ఏదో ఒకటి రీఛార్జి లేక పడి ఉంటుంది. ప్రీపెయిడ్ సిమ్ తొంభై రోజులు అసలు వాడకపోతే కంపెనీ దాన్ని ఆపేయొచ్చు, ఆ తర్వాత నంబరు వేరేవాళ్లకు పోతుంది. ఇంట్లో ఎప్పుడూ మోగే నంబరునే ఖాతాకు పెట్టండి. ఆ నంబరుకైనా తుపాను రోజు టవరు లేకపోతే ఓటీపీ రాదు. అందుకని రెండంచెల లాగిన్ పెట్టుకున్నప్పుడు ఇచ్చే బ్యాకప్ కోడ్‌లను కాగితం మీద రాసి, పాలిథీన్ కవర్లో చుట్టి, ఇంటి పత్రాలతో పాటు బీరువాలో పెట్టండి. ఫోనులో ఫొటో తీసి ఉంచితే ఫోను తడిసిన రోజు అదీ పోతుంది.

తర్వాత ఈమెయిల్. గేము ఖాతా కోసమే అప్పట్లో ఒక జీమెయిల్ తెరిచి మళ్లీ ముట్టని ఇళ్లు చాలా చూశాను. రెండేళ్లు వాడని ఖాతాలను గూగుల్ తొలగించవచ్చు, 2023 డిసెంబరు నుంచి ఆ పద్ధతి అమల్లో ఉంది. ఈ రోజే ఒకసారి తెరవండి. అందులో ఉన్న కొనుగోలు రసీదులను మీ అసలు మెయిల్‌కు పంపుకోండి. ఖాతా పోయినప్పుడు "ఇది మాదే" అని చెప్పడానికి రసీదులోని ట్రాన్సాక్షన్ నంబరుకు మించిన సాక్ష్యం లేదు. మెషీను వెనక ఉన్న సీరియల్ నంబరు కూడా రాసిపెట్టుకోండి.

ఇంకోటి ఉంది, చిన్నదే గానీ చాలామందిని ఏడిపించింది. ఖాతా తెరిచేటప్పుడు పిల్లలు వయసు సరిపోదని ఏదో ఒక పుట్టినతేదీ కొట్టేస్తారు. ఖాతా వెనక్కి అడిగినప్పుడు కంపెనీవాళ్లకు కావలసింది ఆ కొట్టిన తేదీ, ఆధార్‌లో ఉన్నది కాదు. పిల్లల్ని తిట్టకుండా అడిగి, ఆ తేదీ కూడా అదే కాగితం మీద రాయండి. డాలర్ల గిఫ్ట్ కార్డులతో కొందామని అమెరికా పేరున ఇంకో ఖాతా తెరిచి ఉంటే దాన్నీ, ఏ గేము ఏ ఖాతాలో ఉందో కూడా. ప్లేస్టేషన్‌లో ఖాతా దేశం మార్చడానికి వీలుండదు, గేములు కొన్న ఖాతాలోనే ఉండిపోతాయి.

చందాల లెక్క వేరు. ప్లేస్టేషన్ ప్లస్‌లో నెలనెలా వచ్చేవి, ఎక్స్‌బాక్స్ గేమ్ పాస్‌లో ఉన్నవి మీరు కొన్నవి కావు. చందా కట్టినన్నాళ్లే తెరుచుకుంటాయి. మన దేశంలో ఇంకో చిక్కుంది. రిజర్వు బ్యాంకు కొత్త నిబంధనలు 2021 అక్టోబరు 1 నుంచి ఆటో డెబిట్‌కూ, 2022 అక్టోబరు 1 నుంచి కార్డు వివరాలు దాచుకోవడానికీ వచ్చాయి. దాంతో పాత కార్డుల నుంచి దానంతట అది కట్టుకునే చందాలు చాలామందికి చప్పుడు లేకుండా ఆగిపోయాయి. మా ఇంట్లోనూ జరిగింది అదే. చందా ఎప్పటిదాకా ఉందో మెషీనులోకి వెళ్లి మీ కళ్లతో చూసుకోండి.

పాత మెషీన్లున్నవాళ్లు ఇంకా ముందు మేలుకోవాలి. ఎక్స్‌బాక్స్ 360 స్టోరు 2024 జులై 29న మూతపడింది. నింటెండో 3డీఎస్, వీ యూ స్టోర్లలో అమ్మకాలు 2023 మార్చి 27తో ఆగాయి. ఇదివరకు కొన్నవి మళ్లీ దించుకోవడానికి ఇంకా దారి ఉంచారు. ఆ దారి ఎన్నాళ్లుంటుందో మన చేతిలో లేదు కాబట్టి ఇప్పుడే దించి హార్డ్ డిస్కులో పెట్టుకోండి. పీ.టీ. అనే గేమును 2015లో ప్లేస్టేషన్ స్టోరు నుంచి తీసేశాక, ముందే దించుకున్నవాళ్లకు కూడా మళ్లీ దించుకునే వీలు లేకుండా పోయింది. ద క్రూ అనే కార్ల గేముకు 2024 మార్చి 31న సర్వర్లు ఆపేశారు, కొన్నవాళ్లకూ ఆట ఆగిపోయింది. అమ్ముతున్నది ఆడే అనుమతి మాత్రమేనని కొనేవాళ్లకు స్పష్టంగా చెప్పాలని కాలిఫోర్నియాలో చట్టమే వచ్చింది, 2025 జనవరి 1 నుంచి అమలవుతోంది. మనకు అలాంటి చట్టం రావాలని నేను గట్టిగా కోరుకుంటున్నాను.

సెకండ్ హ్యాండ్ మెషీన్లతో "యాభై గేములున్న ఐడీ" కలిపి అమ్ముతారు, చవగ్గా కూడా ఉంటుంది. దయచేసి కొనకండి. ఆ ఖాతా ఇంకొకరిది, అదే ఐడీని పదిమందికి అమ్మి ఉంటారు. అసలు యజమాని పాస్‌వర్డ్ మార్చిన రోజున మీకు అడగడానికి రసీదు ఉండదు, ఫోను నంబరూ మీది కాదు.

వాయుగుండం అన్న మాట వినగానే

ఈ భాగం మాత్రం జాగ్రత్తగా చదవండి. తుపాను తర్వాత మన ఊళ్లలో కరెంటు ఒక రోజున వస్తుంది, నెట్ ఇంకొన్నాళ్లకు గానీ రాదు. స్తంభాలు లేపినంత త్వరగా ఫైబరు అతకరు. ఇన్వర్టరు మీద టీవీ వెలిగించి పిల్లాడు గేము నొక్కితే, దాని మీద తాళం గుర్తు కనిపిస్తుంది. హక్కు మీదేనా అని సర్వరును అడగాలి, అడగడానికి నెట్ లేదు. ఈ బాధ తప్పాలంటే ఆ మెషీను మీ ఖాతాకు సొంతిల్లు అని ముందుగానే నమోదై ఉండాలి. ప్లేస్టేషన్ 5లో సెట్టింగ్స్, యూజర్స్ అండ్ అకౌంట్స్, అదర్‌లోకి వెళ్తే కన్సోల్ షేరింగ్ అండ్ ఆఫ్‌లైన్ ప్లే అని ఉంటుంది, అది ఆన్ చేయండి. ప్లేస్టేషన్ 4 (పీఎస్4)లో అకౌంట్ మేనేజ్‌మెంట్ కింద యాక్టివేట్ యాజ్ యువర్ ప్రైమరీ పీఎస్4. ఎక్స్‌బాక్స్‌లో జనరల్, పర్సనలైజేషన్ కింద మై హోమ్ ఎక్స్‌బాక్స్. దీన్ని ఏడాదికి ఐదుసార్లే మార్చనిస్తారు, అన్నదమ్ముల పిల్లలు ఇద్దరు పంచుకుంటుంటే లెక్క పెట్టుకోండి. ఆన్ చేశాక రౌటరు ఆపేసి గేము తెరిచి చూడండి. తెరుచుకుంటే తుపానులోనూ తెరుచుకుంటుంది.

తర్వాత సేవ్‌లు. ఎక్స్‌బాక్స్ వన్, సిరీస్ మెషీన్లలో సేవ్‌లు ఉచితంగానే క్లౌడ్‌కు వెళ్తాయి, ఆట ముగించేటప్పుడు నెట్ ఉంటే చాలు. ప్లేస్టేషన్‌లో క్లౌడ్‌కు ప్లస్ చందా కావాలి. చందా లేనివాళ్లు పీఎస్4 సేవ్‌లను పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేసుకోవచ్చు. పీఎస్5 గేముల సేవ్‌లను అలా విడిగా తీసుకోనివ్వరు, బ్యాకప్ అండ్ రీస్టోర్‌తో యూఎస్‌బీ డ్రైవ్‌లోకి మొత్తం బ్యాకప్ తీయాలి. నింటెండో స్విచ్‌కూ చందా ఉండాలి, ఉన్నా కొన్ని గేములు క్లౌడ్‌కు ఎక్కవు.

గేము నకలును కూడా బయట హార్డ్ డిస్కులో ఉంచుకుంటే మేలు. 100 జీబీ గేమును 30 ఎంబీపీఎస్ నెట్ మీద దించడానికి ఏడున్నర గంటలు పడుతుంది. ఫోను హాట్‌స్పాట్‌లో రోజుకు 2 జీబీ చొప్పున అయితే యాభై రోజులు. పీఎస్5 గేములను మామూలు యూఎస్‌బీ డ్రైవ్‌లో దాచవచ్చు, ఆడాలంటే మాత్రం మళ్లీ లోపలికి కాపీ చేసుకోవాలి. పీఎస్4 గేములైతే డ్రైవ్ నుంచే నడుస్తాయి.

గాలి మొదలయ్యాక చేయాల్సింది తక్కువే. మెషీనును సగం నిద్రలో ఉంచే రెస్ట్ మోడ్‌లో వదలకుండా పూర్తిగా ఆపండి. ప్లగ్గు తీయండి, స్విచ్ ఆపితే చాలదు. రౌటరు నుంచి వచ్చే లాన్ వైరు, కేబుల్ టీవీ వైరు, టీవీకి పెట్టిన హెచ్‌డీఎంఐ కూడా పీకండి. మా అక్క వాళ్లింట్లో కరెంటు ప్లగ్గు తీసే ఉంది, పిడుగు కేబుల్ వైరు మీదుగా టీవీలోకి, అక్కడి నుంచి కన్సోల్‌లోకి వచ్చింది. మెషీనును నేల మీద పెట్టకుండా అటక మీదో, బీరువా పై అరలోనో ఉంచండి.

కరెంటొచ్చిన రోజు

రాగానే పెట్టకండి. మొదటి గంటల్లో వోల్టేజీ ఎగుడుదిగుడుగా ఉంటుంది, ఫ్యాను ఒకే తీరున తిరిగేదాకా ఆగండి. తడిసిన మెషీనును ఆరిందనుకుని ఆన్ చేయకండి, మెకానిక్కుకు చూపించాకే.

కరెంటు మధ్యలో పోవడం వల్ల ప్లేస్టేషన్‌లో గేములు కనబడకపోతే కంగారుపడి అన్నీ చెరిపేయొద్దు. మెషీనును పూర్తిగా ఆపి, పవర్ బటన్ను రెండో బీప్ వినపడేదాకా నొక్కి పట్టుకుంటే సేఫ్ మోడ్ వస్తుంది. అందులో 5వ వరుస రీబిల్డ్ డేటాబేస్, అది గేములనూ సేవ్‌లనూ ముట్టదు. దాని కింద ఉన్న 6, 7 మొత్తం తుడిచేస్తాయి. పిల్లలు నొక్కుతుంటే పక్కన పెద్దవాళ్లు నిలబడండి. గేములు కనిపిస్తూ తాళం గుర్తు ఉంటే, నెట్ వచ్చాక రీస్టోర్ లైసెన్సెస్ నొక్కితే చాలాసార్లు సరిపోతుంది.

మళ్లీ దించుకోవాలంటే స్టోరులో వెతకనక్కర్లేదు. ప్లేస్టేషన్‌లో గేమ్ లైబ్రరీకి వెళ్లి యువర్ కలెక్షన్ చూడండి. ఎక్స్‌బాక్స్‌లో ఫుల్ లైబ్రరీ కింద ఆల్ ఓన్డ్ గేమ్స్. స్విచ్‌లో ఈషాప్‌లో మీ బొమ్మ నొక్కితే రీడౌన్‌లోడ్. ఎక్కడైనా ధర చూపిస్తే డబ్బు కట్టకండి, వేరే ఖాతాలో ఉన్నారన్నమాట. క్లౌడ్ నుంచి సేవ్ దించేటప్పుడు ఏది ఉంచాలని మెషీను అడిగితే తేదీలు చదివాకే నొక్కండి. కొత్త మెషీనులో కాసేపు ఆడిన ఖాళీ సేవ్‌ను పైకి ఎక్కించారంటే పాతది పోయినట్టే.

మెషీను పూర్తిగా కాలిపోతే, దాన్ని పాత సామాన్లవాడికి ఇచ్చే ముందు ఫోనులో ప్లేస్టేషన్ ఖాతా తెరిచి అన్ని మెషీన్లను డీయాక్టివేట్ చేయండి. ఇది ఆరు నెలలకు ఒక్కసారే వీలవుతుంది, కాబట్టి కొత్త మెషీను ఇంటికొచ్చిన రోజున చేయడం మంచిది. అట్టపెట్టె మాత్రం పారేయకండి, సీరియల్ నంబరున్న వైపు కత్తిరించి ఆ కాగితంతో పాటు బీరువాలో పెట్టండి.