బెజవాడ ఎండలో ఫిన్లాండ్ స్టుర్మి కట్టుకోవడం ఎలా

నేను కట్టిన మొదటి ఫిన్లాండ్ ట్యాంకు బొమ్మ మాటెత్తితే మా మోడలింగ్ గ్రూపులో ఇప్పటికీ నవ్వుతారు. స్టగ్-3 (జర్మనీ చేసిన ట్యాంకులాంటి బండి, ఫిన్లాండ్ వాళ్లు స్టుర్మి అన్నది దీన్నే) కిట్ తెప్పించి, మూడు వారాలు కూర్చుని అతికించి, దాని మీద గుప్పెడు ముగ్గుపిండి చల్లి, కింద చెక్క మీద ముత్యాల్లాంటి అక్షరాలతో "వింటర్ వార్, 1939" అని రాసి ఫోటో పెట్టా. గ్రూపులో ఒక పెద్దాయన ఉన్నారు, ఎక్కువ మాట్లాడరు, ఆయన ఒక్క లైను పెట్టారు: "బాబూ, ఆ బండి ఫిన్లాండ్ చేతికి వచ్చిందే 1943లో కదా, 1939లో ఆ మంచులో ఏం చేస్తోంది?" అంతే, ఇంకెవరూ ఏమీ అనలేదు, అనక్కర్లేదు కూడా.

అందుకే చెప్తున్నా, జిగురు మూత తీయకముందే తేదీ తేల్చుకోండి. జర్మనీదో రష్యాదో అయితే కొంచెం అటూ ఇటూ అయినా నడిచిపోద్దేమో గానీ ఫిన్లాండ్‌తో నడవదు. ఎందుకంటే వాళ్ల సామానులో చాలా భాగం కొన్నదో, అడిగి తెచ్చుకున్నదో, శత్రువు దగ్గర లాక్కున్నదో. ఏది ఎప్పుడు ఎవరి దగ్గర్నుంచి వచ్చిందో తెలిస్తేనే దాని రంగు, దాని మీద గుర్తు, దానికి వీళ్లు పెట్టుకున్న అతుకులు తెలుస్తాయి.

ఫిన్లాండ్ యుద్ధం అనగానే అందరికీ మంచే గుర్తొస్తుంది, తెల్ల బట్టలు, స్కీలు, పేరుమోసిన స్నైపర్ సిమో హైహా. అది వింటర్ వార్, రష్యాతో 1939 నవంబర్ 30న మొదలై 1940 మార్చి 13న ఆగిపోయిన 105 రోజుల కథ. ఆ చలికాలంలో వాళ్లకి ట్యాంకులు పేరుకే ఉన్నాయి. పాత రెనో ఎఫ్‌టీలు ఎప్పుడో మొదటి ప్రపంచ యుద్ధం నాటివి, చాలావాటిని నేలలో పాతి బంకర్లలా వాడేశారు. బ్రిటన్‌కి 1936లో విక్కర్స్ ఆరు టన్నుల ట్యాంకులు ఆర్డర్ ఇచ్చారు గానీ డబ్బులు మిగుల్తాయని ఫిరంగులు, గురి చూసే అద్దాలు, రేడియోలు లేకుండా ఉత్త బండ్లే కొన్నారు. మనం గేదెని కొని పలుపుతాడు తర్వాత చూసుకుందాం అనుకున్నట్టు. ఆ తర్వాత ఇంట్లోనే బోఫోర్స్ 37 ఎంఎం తుపాకులు బిగించుకుని 1940 ఫిబ్రవరి 26న హొన్కానియెమి దగ్గర దింపారు, బాగా దెబ్బతిన్నారు. మీకు మంచే కావాలంటే ఆ విక్కర్స్ కట్టండి, టరెట్ (పైన తిరిగే తల) చుట్టూ తెలుపు-నీలం-తెలుపు పట్టీ వేస్తే అసలైన వింటర్ వార్ బండి అయిపోద్ది.

రెండోది మళ్లీ రష్యాతోనే 1941 జూన్ నుంచి 1944 సెప్టెంబర్ దాకా నడిచిన కంటిన్యుయేషన్ వార్. లాక్కున్న రష్యన్ బండ్ల జాతర అంతా ఇందులోనే. టీ-34కి సోట్కా అని ముద్దు పేరు, కేవీ-1కి క్లిమి. రష్యన్ బీటీ-7 ట్యాంకు చాసిస్ మీద బ్రిటిష్ వాళ్ల 114 ఎంఎం హోవిట్జర్ ఫిరంగి పెట్టి పద్దెనిమిది బీటీ-42లు తయారు చేశారు, గుర్రం బండి మీద నీళ్ల ట్యాంకు ఎక్కించినట్టు ఉంటది చూడ్డానికి. 1944 జూన్‌లో వీపురి ఊరి దగ్గర ఎనిమిది పోయాయి, ఇప్పుడు ఫిన్లాండ్‌లోని పారోలా ట్యాంకు మ్యూజియంలో ఒక్కటే మిగిలింది. టమియా కంపెనీ వాళ్ల కిట్ ఉంది దానికి, కడితే భలే ఉంటది గానీ మొదటిసారికి వద్దు.

మొదటిసారికి స్టుర్మి. జర్మన్ స్టగ్ 40 జీ మోడల్‌కి (స్టగ్-3లోనే ఒక రకం) ఫిన్లాండ్ సైనికులు పెట్టుకున్న పేరు అది. 1943లో 30, 1944లో 29, మొత్తం 59 కొన్నారు. 75 ఎంఎం గన్ను, నలుగురు సిబ్బంది. 1944 జూన్‌లో కుటెర్సెల్కా, ఆ వెంటనే తాలి-ఇహంతాలా, ఈ రెండు చోట్లా వాళ్ల వీపు కాసింది ఇదే. కాబట్టి మన తేదీ జూన్ 1944. అంటే మంచు లేదు, ముగ్గుపిండి డబ్బా పక్కన పెట్టేయండి.

ఇప్పుడు ఫోటోలు. కిట్ పెట్టె మీద బొమ్మ నమ్మొద్దు. ఫిన్లాండ్ రక్షణ శాఖ వాళ్లు యుద్ధకాలపు ఫోటోలు దాదాపు 1,60,000 నెట్‌లో పెట్టేశారు, ఎస్ఏ-కువా అంటారు, 2013 నుంచి ఎవరైనా చూడొచ్చు. ఇంగ్లీషులో వెతికితే సరిగ్గా దొరకవు, ఫిన్నిష్ మాటతో వెతకాలి, రిన్నాక్కోటుక్కి అంటే అసాల్ట్ గన్ను, పాన్సరి అంటే కవచం, ఈ రెంటి ఫిన్నిష్ స్పెల్లింగు కాపీ చేసి పెట్టుకోండి. ఒకటే బండిని నాలుగు వైపుల నుంచి తీసిన ఫోటోలు దొరికేదాకా వెతకండి. నంబరు పీఎస్ 531 అని మొదలై పక్కన ఆ బండి నంబరు ఉంటది, మీరు ఎంచుకున్న బండికి పక్కల చెక్క దుంగలు ఎన్ని, ఎక్కడ కట్టారు, అదే చూసుకుని కట్టాలి. రెండు బండ్లు ఒకేలా ఉండవు. నేను వెతుకుడుకే రెండు ఆదివారాలు పెట్టా, దండగనిపించలేదు.

ఫిన్లాండ్ కిట్టే దొరికితే మంచిదే, దొరక్కపోయినా కంగారొద్దు, మామూలు జర్మన్ స్టగ్ జీ కిట్ 1/35 స్కేలులో (అసలు బండిలో ముప్పై ఐదో వంతు) చాలు. మార్చాల్సింది ఏంటంటే, పక్కల వేలాడే రేకులు పెట్టొద్దు, ఫిన్లాండ్ వాళ్లు తీసి పారేశారు, అడవిలో చెట్లకి తగిలి ఊడిపోతాయి. పైన ఉండే జర్మన్ మెషిన్ గన్ను బదులు రష్యన్ డీటీ మెషిన్ గన్ను పెట్టుకున్నారు, గుండ్రటి పళ్లెం లాంటి మేగజైన్ ఉంటది, ఏ టీ-34 కిట్‌లోనో మిగిలిపోయింది అడిగితే ఎవరైనా ఇస్తారు.

ఇక దుంగలు. ఇదే స్టుర్మి అందం. క్యాబిన్ పక్కల దుంగలు కట్టుకునేవాళ్లు, గుండు దెబ్బకి కాస్త అడ్డం, బురదలో దిగబడితే గొలుసు కింద వేసుకోడానికీ పనికొస్తాయి. స్కేలు లెక్క ఈజీ, పదిహేడున్నర సెంటీమీటర్ల దుంగ మనకి ఐదు మిల్లీమీటర్ల పుల్ల. ప్లాస్టిక్ దుంగలు వాడొద్దు ప్లీజ్, పెరట్లో మందార చెట్టు ఉంటే ఎండిన పుల్లలు నిటారుగా ఉన్నవి ఏరండి, బెరడు మీద చిన్న చిన్న గరుకు ఉంటది, ఆ సైజుకి సరిపోద్ది. కోసిన చివర్లు తెల్లగానే వదిలేయండి, రంగు వేయొద్దు. ఒక్క జాగ్రత్త, పుల్లల్ని రెండు రోజులు డాబా మీద మిట్టమధ్యాహ్నం ఎండలో పోసి ఆ తర్వాత ఇంకోసారి పెనం మీద వేడి చేసి అప్పుడు అతికించండి. నా రెండో స్టుర్మికి ఆ పని చేయలేదు, ఆరు నెలలకి బండి పక్కన పిండి రాలడం మొదలైంది, దుమ్ములా కనపడ్డానికి చల్లే వెదరింగ్ పౌడర్ అనుకున్నా, పుచ్చు. పురుగు లోపల కాపురం పెట్టింది.

క్యాబిన్ ముందు భాగంలో కాంక్రీటు పోసి మందం పెంచారు. దానికి హార్డ్‌వేర్ షాపులో దొరికే ఎమ్-సీల్ చాలు, కలిపి, తడి చేత్తో నొక్కి, గట్టిపడే ముందు పాత టూత్ బ్రష్‌తో పొడిస్తే అచ్చం కాంక్రీటే. నున్నగా చేయకండి, యుద్ధంలో హడావిడిగా పోసింది అది, మార్బుల్ ఫ్లోరింగ్ కాదు.

రంగు దగ్గరే బెజవాడ మనతో ఆడుకునేది. రోహిణి కార్తెలో మధ్యాహ్నం ఎయిర్‌బ్రష్ పట్టుకున్నారా, యాక్రిలిక్ బండి దాకా వెళ్లకుండానే గాల్లో ఆరిపోయి ఇసక పొట్టులా పడతది. వర్షాకాలం లాకర్ రంగు కొడితే పైన తెల్లగా పొగ పట్టినట్టు అవుద్ది. నేను పొద్దున్నే ఐదున్నర నుంచి ఏడున్నర మధ్యలో కొడతా, ఫ్యాన్ ఆపేసి. ఫ్యాన్ గురించి ఇంకో మాట, చిన్న పార్టులు కట్ చేసేటప్పుడూ ఆపండి, చెమట పట్టినా పర్లేదు, హెడ్‌లైటు ఒకటి మంచం కింద మూడు గంటలు వెతికినోణ్ణి చెప్తున్నా.

ప్రైమర్ ఆటోనగర్‌లో చవగ్గా దొరుకుద్ది కదా అని మీకు ఐడియా వస్తది, నాకూ వచ్చింది. బండ్లకి కొట్టే సర్ఫేసర్‌లో ఎన్‌సీ థిన్నర్ కలిపి నేరుగా ప్లాస్టిక్ మీద దట్టంగా కొడితే రివెట్లన్నీ నెయ్యిలా కరిగిపోయాయి. కావాలంటే పాత స్ప్రూ (కిట్ పార్టులు అంటుకుని వచ్చే ప్లాస్టిక్ కడ్డీ) ముక్క మీద ముందు టెస్ట్ చేసి, చాలా పల్చగా, దూరం నుంచి పొడిపొడిగా రెండు మూడు కోట్లు. ధైర్యం లేకపోతే మోడలింగ్ ప్రైమరే కొనుక్కోండి, డబ్బు మిగలదు గానీ మనశ్శాంతి ఉంటది.

ప్రైమర్ తర్వాత నేరుగా పచ్చ కొట్టేయకండి. ముందు జర్మన్ ముదురు పసుపు పల్చగా ఒక కోటు. 1943లో వచ్చిన స్టుర్మిలు జర్మనీ నుంచి పసుపు రంగులోనే వచ్చాయి, దాని మీద ఫిన్లాండ్ వాళ్లు తమ మూడు రంగులు వేసుకున్నారు: నాచు పచ్చ, ఇసక గోధుమ, బూడిద. కాబట్టి గీతలు పడ్డ చోట, హాచ్ (పైన ఎక్కిదిగే మూత) అంచుల దగ్గర, బూట్లు తగిలే చోట కింద ఇనుము కనపడేకంటే ముందు ఆ పసుపు తొంగిచూడాలి. సెకండ్ హ్యాండ్ బండికి పెయింట్ వేయిస్తే డోరు సందులో పాత రంగు కనపడతది చూడండి, సేమ్ అదే. ఫిన్లాండ్ మోడల్‌లో నాకు బాగా నచ్చే పని ఇదే, ఒక గంట ఎక్కువ పట్టినా వదలొద్దు. గోధుమ రంగు మరీ ఎర్రగా పోనీయకండి, తడిసిన కృష్ణ ఇసక రంగు గుర్తుపెట్టుకుని దాని దగ్గరకి కలపండి.

డెకాల్స్‌కి (నీళ్లలో నానబెట్టి అతికించే గుర్తుల స్టిక్కర్లు) కుళాయి నీళ్లు వద్దు, మన నీళ్లలో ఉప్పు ఆరాక చుట్టూ తెల్ల మరకలు మిగుల్తాయి, ఫిల్టర్ నీళ్లు వాడండి. ఇప్పుడు ఆ గుర్తు సంగతి. హకరిస్తి అంటారు, పొట్టి చేతుల స్వస్తికం, ట్యాంకుల మీద నలుపూ తెలుపూ, విమానాల మీద తెల్ల గుండ్రంలో నీలం. చూసినోళ్లంతా నాజీ అంటారు. కాదండి. 1918 మార్చిలో ఎరిక్ వాన్ రోసెన్ అనే స్వీడన్ కౌంట్ ఫిన్లాండ్‌కి ఒక విమానం బహుమతిగా ఇచ్చాడు, దాని రెక్కల మీద ఆయన తన అదృష్ట చిహ్నం అని నీలం స్వస్తికం వేయించుకున్నాడు, అదే ఎయిర్‌ఫోర్స్ గుర్తయి కూర్చుంది. నాజీ పార్టీ దాన్ని జెండాకి ఎక్కించింది 1920లో. అయితే 1941 నుంచి ఫిన్లాండ్ జర్మనీ పక్కన ఉండే పోరాడింది, అది కూడా నిజమే, అడిగినోళ్లకి రెండూ చెప్పండి. 1945లో ఆ గుర్తు తీసేసి తెలుపు-నీలం గుండ్రం పెట్టుకున్నారు, కాబట్టి మన జూన్ 1944 బండికి హకరిస్తి ఉండాల్సిందే. మా ఇంట్లో మాత్రం గొడవే లేదు, శుక్రవారం గడపకి బొట్టు పెడుతూ మా అమ్మ షోకేసులో స్టుర్మి మీద స్వస్తికం చూసి దానికీ కుంకుమ పెట్టేసింది. ఆ బొట్టు ఇంకా అలాగే ఉంది, తుడవబుద్ధి కాలేదు.

నేల. ఇక్కడ మనోళ్లు ఎక్కువమంది చేసే తప్పు, గుంటూరు నల్లరేగడి బురద తెచ్చి గొలుసులకి పూయడం. ఆ యుద్ధం జరిగింది కరేలియా ఇస్త్మస్‌లో (రెండు పక్కలా నీళ్లున్న సన్నటి నేల), అక్కడ ఇసక నేల, పైన్ అడవి. జూన్‌లో లేత రంగు దుమ్ము లేస్తది, రాత్రి కూడా సరిగ్గా చీకటి పడదు అక్కడ. బేస్‌కి నేను కొండపల్లి పద్ధతి వాడతా, బొమ్మలు చేసేవాళ్లు రంపపు పొట్టు, చింతగింజల పిండి కలిపి మక్కు చేస్తారు కదా, అదే కొంచెం పల్చగా చేసి చెక్క మీద పరిచి, పచ్చిగా ఉండగానే ట్రాక్ ముద్రలు నొక్కేసి, పైన చున్నీ గుడ్డలో జల్లించిన ఇసక చల్లితే ఆరాక పగుళ్లు కూడా సహజంగా వస్తాయి. చీమలు పడతాయి అనుకుంటే అందులో కొంచెం ఫెవికాల్ వేయండి. పైన్ ఆకులకి కొబ్బరి పీచు సన్నగా కత్తిరించి గోధుమ రంగులో చల్లితే చాలు. ఏరియల్‌కి మాత్రం కొబ్బరి ఈనె వద్దు, వంగిపోద్ది, సాగదీసిన స్ప్రూ బెస్ట్.

మంచు సీనే కావాలని పట్టుపట్టి విక్కర్స్ తీసుకున్నోళ్లకి ఒక్క ముక్క: వంటసోడా వాడొద్దు, మన ఉక్కకి ఏడాదిలో పసుపెక్కుద్ది. ముగ్గుపిండి, ఫెవికాల్, తెల్ల యాక్రిలిక్ కలపండి. ఇంజను మూత మీద పోయకండి, వేడికి అక్కడ మంచు నిలవదు. తెల్ల రంగు కూడా కొత్తగా కనపడకూడదు, పాత గోడౌన్ గోడ మీద సున్నం పెచ్చులూడి కింద ఇటుక కనిపిస్తది చూశారా, ఆ లెక్కన చెరిపేయండి. అసలు మంచు అంటే ఫ్రిజ్జులో గడ్డ కట్టింది తప్ప నేనూ చూడలేదు, అందుకే ఫోటోలు చూడమని అన్నిసార్లు చెప్తున్నా.

అన్నీ అయ్యాక మన దుమ్ముకి గాజు పెట్టె తప్పదు, ఫోటో ఫ్రేములు కట్టేవాళ్లకి కొలతలిస్తే చేసిపెడతారు. దాని ముందు చిన్న చీటీ రాసి పెట్టండి, నా మూడో బండికి ఇలా రాశా: "స్టుర్మి, ఇహంతాలా, జూన్ 1944". ఫోటో గ్రూపులో పెట్టా, పెద్దాయన చూసి రెండు రోజులు ఏమీ అనలేదు, మూడో రోజు పెట్టారు: "దుంగలు బాగున్నాయి. పుల్లలు ఎండబెట్టావా?"