ఫుట్‌బాల్ వీడియో గేమ్‌లో కొట్టిన గోల్‌ని రీల్ చేసే ముందు జాగ్రత్తలు

రాయగడ, గుణుపురం కుర్రాళ్లూ, ఇవి చూసుకోండి.

- గేమ్ సెట్టింగ్స్‌లో మ్యూజిక్ సున్నా చేయండి. ఆ పాటలకు కాపీరైట్ ఉంటుంది, రీల్ మూగబోవచ్చు. కామెంటరీ, జనం అరుపులు ఉంచండి, మజా అంతా అక్కడే.

- కంప్యూటర్‌లో ఆటను రికార్డు చేసే విండోస్ గేమ్ బార్‌లో బ్యాక్‌గ్రౌండ్ రికార్డింగ్ ముందే ఆన్ చేయాలి. అప్పుడే గోల్ పడ్డాక విండోస్, ఆల్ట్, జి కీలు కలిపి నొక్కినా వెనకటి 30 సెకన్లు దొరుకుతాయి.

- నిలువుగా 1080×1920కి కత్తిరిస్తే మూలనున్న స్కోరు ఎగిరిపోతుంది. స్కోరు లేని గోల్‌ని ఎవడు నమ్ముతాడు? దాన్ని విడిగా పైన అతికించండి. బంతి వెంటే ఫ్రేమ్ జరపండి.

- మైక్‌లో ఫ్రెండ్స్ తెలుగులో, ఒడియాలో తిట్టిన తిట్లూ రికార్డవుతాయి. వాళ్లనడిగాకే పెట్టండి.

- వాట్సాప్‌లోనా? డాక్యుమెంట్‌గా పంపండి, క్వాలిటీ పోదు.