ఇంటి తోటలో గడ్డపూలు – 4వ పాఠం: ఆకు వాలితే నీళ్లు పోయాలా?

ఈసారి మొగ్గ దశలో వేసే ఎరువుల గురించి చెబుదామనుకున్నాను. అది వచ్చే పాఠానికి వాయిదా. పోయిన పాఠం చదివి అమరిల్లిస్ (గడ్డ నుంచి లేచే, లిల్లీలాంటి పెద్ద పువ్వు) నాటినవాళ్లలో చాలామందికి గడ్డ కుళ్లింది. ముందు దాని సంగతి తేల్చుకుందాం.

తేడా రెండు చోట్ల వచ్చింది. గడ్డలో పైభాగం మూడోవంతు మట్టి బయటే ఉండాలని రాశాను. చూడ్డానికి బాగుండదని కొందరు మొత్తం కప్పేశారు. ఇదేం ఆలుగడ్డ కాదు. ఆకులు లేచే గడ్డ మెడ చుట్టూ తడి మట్టి ఉంటే కుళ్లు అక్కడే మొదలవుతుంది. గడ్డను కదపకుండా, దాని భుజాలు కనబడేదాకా చేతివేళ్లతో మట్టి తీసేయండి. ఆ విషయం అంతటితో సరి.

రెండోది నీళ్లు. పొద్దున్నే తులసికోటకు పోసిన చేత్తోనే దీనికీ ఒక చెంబు పోసేస్తున్నారు. అమరిల్లిస్ గడ్డను నిలువుగా కోస్తే ఎర్రగడ్డలాగే పొరలు పొరలుగా ఉంటుంది. దానికి కావలసిన నీరు, తిండి ఆ పొరల్లోనే దాచుకుని ఉంటుంది. కొత్తగా నాటినప్పుడు పని చేసే వేళ్లు ఉండవు కాబట్టి మీరు పోసింది తాగే దిక్కే లేదు. నాటిన రోజు ఒకసారి బాగా తడపండి. తర్వాత మొగ్గో ఆకో రెండంగుళాలు లేచేదాకా మట్టి పూర్తిగా ఎండినప్పుడు కాసిని చాలు.

ఇప్పుడు నాకు చిరాకు తెప్పించే అసలు తప్పు. ఆకు వాలగానే "అయ్యో, దాహమేస్తున్నట్టుంది" అని చెంబు ఎత్తుతారు. వేళ్లు కుళ్లినా ఆకు వాలిపోతుంది, ఎందుకంటే నీరు లాగే వేళ్లే లేవు. చుట్టూ నీళ్లున్నా పైన మొక్క ఎండుతుంది. మీరు ఇంకో చెంబు పోస్తారు, మిగిలిన నాలుగు వేళ్లూ పోతాయి. ఆకు ఇంకా వాలుతుంది, ఈసారి రెండు చెంబులు.

తేడా ఇలా కనిపెట్టండి. మధ్యాహ్నం ఎండకు వాలి, సాయంత్రానికి లేచిందంటే అది ఎండ దెబ్బ, నీళ్లతో పని లేదు. పొద్దున ఆరింటికే వాలి ఉంటే, ముందు గడ్డను బొటనవేలితో నొక్కండి. గట్టిగా ఉండి, మట్టి లోపలిదాకా ఎండి ఉంటే నిజంగా దాహమే. మెత్తగా దిగబడితే, ఆకు పట్టి లాగగానే మొదలు దగ్గర జిగురుతో ఊడొస్తే, కుళ్లు. బయటి ముసలి ఆకు ఒక్కటే పండుబారితే కంగారు వద్దు, అది దాని వయసు. అమరిల్లిస్ ఆకులు పొడవు పెరిగాక వంగడమూ మామూలే, దానికి టెన్షన్ పడకండి.

మట్టి పైన చూసి మోసపోవద్దు. అనంతపురం గాలికి ఎర్రమట్టి పైపొర గంటలో తెల్లబోతుంది. అర జానెడు కింద నిన్నటి తడి అలాగే ఉంటుంది. చీపురు పుల్ల నాలుగంగుళాలు గుచ్చి, నిమిషం ఆగి తీయండి. మట్టి అంటుకుని వస్తే ఆ రోజు నీళ్లు లేవు. కర్నూలు నల్లరేగడిలో నాటినవాళ్లు పుల్ల పొడిగా వచ్చాక కూడా ఇంకో రోజు ఆగండి. అసలు ఆ మట్టిలో సగం ఇసుక కలపందే గడ్డ పెట్టొద్దనే నా మాట.

కుండీకి రంధ్రం ఉండాలని మళ్లీ చెప్పను. కానీ రంధ్రం ఉన్నా నీరు దిగని ఇళ్లున్నాయి. నున్నటి కడప బండ మీద చదునుగా కూర్చున్న కుండీ అడుగు బండకు అతుక్కుపోయి రంధ్రం మూసుకుంటుంది. మూడు పెంకుముక్కలు కింద పెట్టి లేపండి. అడుగున ప్లేటు పెట్టే అలవాటు నాకు అస్సలు నచ్చదు. నేల తడుస్తుందని బాధగా ఉంటే గుడ్డతో తుడుచుకోండి.

పోసేటప్పుడు మెడలో కాకుండా చుట్టూ పోయండి, కింద నుంచి కారేదాకా. ఆ తర్వాత పుల్ల పొడిగా వచ్చేదాకా ముట్టుకోవద్దు. మిద్దె మీది పైపులో ఎండకు కాగిన నీళ్లుంటాయి, అవి ముందు పక్కకు వదిలేయండి. బోరునీళ్లు పోసే కుండీ అంచున తెల్లని ఉప్పు పేరుకుంటుంది. ఆకులు బాగా పెరుగుతున్నప్పుడు నెలకోసారి ధారాళంగా పోసి కడిగేస్తే చాలు.

కుళ్లిన గడ్డను పారేయకముందు పెకలించి చూడండి. వేళ్లు పుట్టే అడుగుబిళ్ల మెత్తబడితే ఆశ వదులుకోండి. అది గట్టిగా ఉంటే తెల్లని, గట్టి పొర తగిలేదాకా చెడినదంతా కోసేయండి. లీటరు నీటికి 3 గ్రాముల కాపర్ ఆక్సీక్లోరైడ్ (కుళ్లు తెగుళ్లకు వాడే మందు) కలిపి పావుగంట ముంచి, నీడలో మూడు నాలుగు రోజులు ఆరబెట్టి, పొడి మట్టిలో నాటండి. వారం దాకా నీళ్లు వద్దు. గడ్డ విషపూరితం కాబట్టి పిల్లలకు, కుక్కలకు అందనివ్వకండి. పని అయ్యాక చేతులు కడుక్కోండి.

రెయిన్ లిల్లీకి ఈ గొడవలేవీ లేవు, ఎండబెట్టి ఒక్కసారి తడిపితే పూస్తుంది. తులిప్ అడిగినవాళ్లకు: దానికి దాదాపు మూడు నెలల గట్టి చలి కావాలి. కశ్మీరుకు ఉన్న చలి మనకెక్కడిది? ఫ్రిజ్‌లో పెట్టి పూయించొచ్చు గానీ, ఆ చోటు పెరుగుకే ఉంచడం నాకిష్టం.

అభ్యాసం: రోజూ ఒకే వేళకు కుండీ రెండు చేతులా ఎత్తి, లోపల తడి ఉందా లేదా అని బరువును బట్టి ముందే రాసుకోండి. తర్వాతే పుల్ల గుచ్చండి. వరసగా పది రోజులు మీ అంచనా, పుల్ల ఒకటే చెప్పాలి. ఒక్కరోజు తప్పినా మళ్లీ మొదటి నుంచి. సిమెంటు కుండీలవాళ్లు ఎత్తి నడుము నొప్పి తెచ్చుకోకండి, మీకు పుల్ల చాలు.