వేషం లేని నెల వచ్చేలోపు చూసుకోవాల్సినవి

కొత్తగా చేరినవాళ్ల కోసం మన ఆటల పంచాంగం గురించి ముందు రెండు ముక్కలు. మనం కల్పించుకున్న ఆ లోకంలో తేదీ గోడకు వేలాడే క్యాలెండర్‌లో ఉండదు, ఆటలో ఉంటుంది. నెలపొడుపుతో నెల మొదలు, పున్నమికి వేషాలు కట్టి ఒక ఆట, అమాసకు ఒక ఆట, ఆట ఆడకపోతే నెల మారదు, పిల్లలకు వయసు పెరగదు, అప్పు గడువు కూడా అక్కడే ఆగిపోతుంది. రెండున్నర, మూడేళ్లకోసారి వచ్చే అధిక నెలకు కథే లేదు, అందుకే అది వేషం లేని నెల. ఈ ఎండాకాలం సెలవుల్లో పాలమూరు, నల్లగొండ ఊళ్లలో ఆ నెలకు కథ కట్టి పిల్లలతో ఆడించాలనుకుంటున్నవాళ్లు ఇది పూర్తిగా చదవండి.

అన్నిటికన్నా ముందు ఆ నియమం సంగతి. ఆట ఆగితే కాలం ఆగుతుందని మనం రాసుకున్నాం, బాగుంది, కానీ పిల్లలు దాన్ని నిజంగా నమ్మి ఆడతారు. రోహిణి కార్తె నుంచి మృగశిర దాకా సాయంత్రమైతే గాలిదుమారం, ఉరుములు మనకు మామూలే. ఉరుము వినబడ్డాక కూడా "ఇంకొక్క దరువు, లేకపోతే నెల మారదు" అని మైదానంలో నిలబడే పిల్లల్ని నేను చూసిన. కాబట్టి పంచాంగంలోనే ఒక మాట చేర్చుకోండి: ఉరిమితే ఆట అక్కడికక్కడ ఆగుతుంది, ఇంట్లో ఒక్కరు దీపం పెట్టి ఒక్క పాట పాడినా నెల మారినట్టే. ఆ తర్వాత చెట్టు కిందికి కాదు, స్కూలు గదిలోకో పక్కా ఇంట్లోకో పోవాలి. కథ రాసేటప్పుడే ఈ వెసులుబాటు పెట్టకపోతే ఆ రాత్రి మీరు ఎంత అరిచినా ఎవరూ వినరు.

ఇక లెక్క. అమాస నుంచి అమాసకు సగటున 29.53 రోజులు, అంటే పన్నెండు నెలలకు 354 రోజులే, సూర్యుడి ఏడాదికి 365. ఈ 11 రోజుల తేడా చిన్నదిగా కనబడుతుంది కానీ ఏటా పేరుకుంటూ పోతుంది. పీర్ల పండుగ కొన్నేళ్లు వానల్లో, కొన్నేళ్లు ఎండల్లో రావడం మన ఊళ్లలో అందరూ చూసిందే, హిజ్రీ లెక్కలో అధిక మాసం ఉండదు కాబట్టి అట్లా జరుగుతుంది. మీ లోకంలోనూ అట్లనే ఉంచుకుంటామంటే తప్పేం లేదు, కానీ అప్పుడు ఏ ఆటకూ "కోతల ఆట" అని పేరు పెట్టొద్దు, పదేళ్లు తిరిగేసరికి అది నాట్ల మధ్యలో పడుతుంది. ఆటలు కాలంతో కలిసి నడవాలంటే 19 ఏళ్లలో 7 అధిక నెలలు వేసుకోండి, మొత్తం 235 నెలలు, చంద్రుడి లెక్కా సూర్యుడి లెక్కా దాదాపు కలిసిపోతాయి. మబ్బు పట్టి నెలవంక కనబడకపోతే గొడవ పడకుండా 30 రోజులు పూర్తి చేసి కొత్త నెల మొదలుపెట్టండి.

చందమామ ఎప్పుడు పొడుస్తుందో తెలియకుండా ఒక్క సీను కూడా రాయొద్దు. పోయినసారి నేను రాసిన ఆటలో, అమాస పోయిన మూడోనాడు అర్ధరాత్రి నెల పొడిచిందని రాజు వేషం కట్టిన అమ్మాయితో చెప్పించిన. ముందు వరుసలో గోనెసంచి మీద కూర్చున్న తాత బీడీని నేలకు రాసి ఆర్పి, "తదియ నెల పొద్దుగూకినంక జరసేపటికే గుట్ట దిగుతది గద బిడ్డా, అర్ధరాత్రి ఏడికెళ్లి వస్తది?" అన్నడు. ఆ పిల్ల జారుతున్న కిరీటాన్ని ఒక చేత్తో పట్టుకుని నా దిక్కు చూసింది. ఆ తప్పు నాది, ఆ అమ్మాయిది కాదు. కార్తెలు చూసి విత్తనం వేసిన మనుషుల ముందు ఆడుతున్నాం. పున్నమి చంద్రుడు పొద్దుగూకే వేళకు లేస్తాడు, తర్వాత రోజుకు దాదాపు 50 నిమిషాలు ఆలస్యం, బహుళ అష్టమికి అర్ధరాత్రి అవుతుంది. ఇంతే, అట్ట మీద రాసి గోడకు అంటించుకోండి.

రెండు చందమామలు కావాలని పిల్లలు అడుగుతారు. పెట్టండి. ఒకటి 20 రోజులకు, ఇంకొకటి 30 రోజులకు తిరిగితే జంట పున్నమి 60 రోజులకోసారి వస్తుంది, ఆ లెక్క కాగితం మీద తేలాకే కథలోకి తీసుకోండి.

వీలైతే మొదలుపెట్టేముందు పిల్లల్ని నారాయణపేట జిల్లా ముడుమాలకు తీసుకుపోండి. కృష్ణ ఒడ్డున వేల ఏళ్ల కింద నిలబెట్టిన నిలువురాళ్లు, ఒక రాతి మీద సప్తర్షుల ఆకారంలో చెక్కిన చిన్న చిన్న గుంతలు ఉన్నాయి. 2025లో యునెస్కో ప్రపంచ వారసత్వ తాత్కాలిక జాబితాలో కూడా చేరింది. రాళ్లు ఎక్కనీయొద్దు, గీతలు పెట్టనీయొద్దు. తిరిగి వచ్చాక మీ ఊళ్లో ఒక గుట్ట కొననో తాటిచెట్టునో గుర్తు పెట్టుకుని పొద్దు ఎక్కడ లేస్తుందో వారానికోసారి రాయించండి, జూన్‌లో ఉత్తరానికి, డిసెంబరులో దక్షిణానికి ఎంత జరుగుతుందో వాళ్లే పట్టుకుంటారు.

అమాస ఆటకు కాగడాలు కథలో ఉండనీయండి, చేతికి మాత్రం బ్యాటరీ లైట్లే ఇవ్వండి, నైలాన్ చీరలతో కట్టిన వేషాలకు ఒక్క రవ్వ చాలు. ముఖానికి పాతకాలం అర్దళం, అంటే ఆ పచ్చరంగు పొడి, పూయొద్దు, అందులో ఆర్సెనిక్ ఉంటుంది. ఆడే జాగా పగలే ఊడిపించి, గడ్డివామి, రాళ్లకుప్పలకు దూరంగా చూసుకోండి, చీకట్లో పురుగూ బూచీ తిరుగుతాయి. ఎవరికైనా పురుగు ముట్టితే, అంటే పాము కరిస్తే, మంత్రం, పసరు, బిగించి కట్టడం, కోయడం ఏదీ వద్దు, కాలు కదలనీయకుండా 108కి ఫోన్ చేసి పెద్ద దవాఖానకు తీసుకుపోవాలి. ఆ నంబర్‌కు ఎవరు ఫోన్ చేస్తారో, ఎవరి బండి సిద్ధంగా ఉందో వేషాలు పంచే రోజే పేరు పెట్టి రాసుకోండి.