ముందు వంతెన, తర్వాతే రోడ్డు: విజయవాడ–గుంటూరు దారులు నేర్చుకునే పద్ధతి

విజయవాడ రోడ్లు నేర్చుకోవాలనుకునేవారు మొదట ఒక తెల్లకాగితం తీసుకోండి. దాని మీద రోడ్లు గీయవద్దు, నీళ్లు గీయండి. కింద కృష్ణా నది. ఎడమ వైపు ఇంద్రకీలాద్రి, దాన్ని ఆనుకొని ప్రకాశం బ్యారేజి. బ్యారేజి దగ్గర నుంచి ఊళ్లోకి మూడు కాలువలు: పైన ఏలూరు కాలువ, నడుమ రైవస్ కాలువ, నదికి దగ్గరగా బందరు కాలువ. ఆ తర్వాత రైలు పట్టాలు. స్టేషను నుంచి ఒక లైను చెన్నై వైపు, ఒకటి కాజీపేట వైపు, ఒకటి విశాఖ వైపు, ఇంకొకటి గుడివాడ వైపు. ఇంత గీశాక చూస్తే కాగితం మీద ఊరు ముక్కలు ముక్కలుగా ఉంటుంది. నేల మీదా అంతే. ఒక ముక్కలో మీరు ఎటైనా తిరగవచ్చు. ఒక ముక్కలోంచి ఇంకో ముక్కలోకి పోవాలంటే వంతెనో ఫ్లైఓవరో అండర్ బ్రిడ్జో కావాలి. బండ్లు ఆగిపోయేది అక్కడే.

ఆటోనగర్‌లో ఒక స్పేర్ పార్టుల దుకాణంలో బండ్లకు ట్రిప్పులు వేసే పని నాది. ఏ బండి ఏ సరుకుతో ఏ దారిన వెళ్లాలో ఉదయమే రాసి ఇస్తాను. కొత్తగా చేరిన పిల్లలు ఫోనులో మ్యాపు పెట్టుకొని బయలుదేరతారు. మ్యాపును నేను వద్దనను. కానీ అది చూపించే నీలిగీతకు మీ బండి ఎత్తు తెలియదు, లోడు తెలియదు, ఈ పూట అమ్మవారి గుడి దగ్గర ఎంత జనం ఉన్నారో సరిగ్గా తెలియదు. అందుకే నా ట్రిప్పు షీటులో దుకాణం చిరునామా కన్నా ముందు 'దాటే చోటు' అని ఒక గడి ఉంటుంది. అది నింపకుండా ఏ బండినీ కదలనివ్వను.

కాగితం మీద ఇప్పుడు పెద్ద రోడ్లు గీయండి. రెండింటిని గట్టిగా పట్టుకుంటే చాలు. చెన్నై నుంచి కోల్‌కతా పోయేది 16వ నంబరు జాతీయ రహదారి. పుణె నుంచి హైదరాబాద్ మీదుగా వచ్చి మచిలీపట్నం పోయేది 65వ నంబరు. పెద్దవాళ్లు ఇప్పటికీ వీటిని ఐదో నంబరు, తొమ్మిదో నంబరు అంటారు. 2010లో దేశమంతటా నంబర్లు మార్చారు కాబట్టి ఫోనులో ఎవరైనా పాత నంబరు చెబితే తికమక పడకండి. కొత్త పద్ధతి నిజానికి చాలా సులువు. ఉత్తర దక్షిణాలుగా పోయే వాటికి సరి సంఖ్య, తూర్పు పడమరలుగా పోయే వాటికి బేసి సంఖ్య. మూడు అంకెలుంటే చివరి రెండు అంకెల రోడ్డుకు అది కొమ్మ. కత్తిపూడి నుంచి మచిలీపట్నం, రేపల్లె, బాపట్ల, చీరాల మీదుగా ఒంగోలు చేరే 216 అలా 16కు కొమ్మ. పామర్రు దగ్గర గుడివాడ, భీమవరం వైపు చీలే 165వ రోడ్డు 65కు కొమ్మ. ఇబ్రహీంపట్నంలో మొదలై మైలవరం, తిరువూరు మీదుగా భద్రాచలం వైపు పోయేది 30వ నంబరు. బోర్డు లేని చోట కిలోమీటరు రాయి చూడండి. రాయి తల పసుపు రంగులో ఉంటే జాతీయ రహదారి, ఆకుపచ్చ అయితే రాష్ట్ర రహదారి.

హైదరాబాద్ నుంచి వచ్చే బండి ఇబ్రహీంపట్నం, గొల్లపూడి, భవానీపురం దాటి కొండకూ నదికీ మధ్య ఇరుకున కట్టిన కనకదుర్గ ఫ్లైఓవర్ ఎక్కుతుంది. 2020 అక్టోబరులో దాన్ని ప్రారంభించక ముందు, గుడికి నడిచి పోయేవాళ్లూ మచిలీపట్నం లారీలూ ఒకే రోడ్డు మీద ఉండేవాళ్లు. ఇప్పుడు గుడికి పోయేవాళ్లకు కింద రోడ్డు, ఊరు దాటేవాళ్లకు పైది. ఫ్లైఓవర్ దిగి, బస్ స్టేషను పక్క నుంచి, కృష్ణలంక వెంట వస్తే వారధి సెంటర్. గుంటూరు నుంచి నది దాటి వచ్చే బండి కూడా ఇక్కడికే చేరుతుంది. ఇక్కడి నుంచి స్క్రూ బ్రిడ్జి మీదుగా బెంజ్ సర్కిల్ వరకు రెండు రహదారుల బరువునూ ఒకే రోడ్డు మోస్తుంది. ఊరు మొత్తంలో నేను ఎక్కువ భయపడేది ఈ చిన్న ముక్కకే. సాయంత్రం ఆరు నుంచి తొమ్మిది మధ్య మా బండి ఏదీ ఇక్కడ ఉండకుండా ట్రిప్పు వేస్తాను.

బెంజ్ సర్కిల్ దగ్గర ఫ్లైఓవర్ ఎక్కాలా కింద ఉండాలా అన్నది అక్కడికి వచ్చాక తేల్చుకునే విషయం కాదు. స్క్రూ బ్రిడ్జి దగ్గరే తేలాలి. గన్నవరం, ఏలూరు, విశాఖ వైపు అయితే ఎక్కండి. బందరు రోడ్డు, పటమట, ఆటోనగర్, నిర్మల కాన్వెంట్ వైపు అయితే ఎడమ పక్క సర్వీస్ రోడ్డులోకి ముందే దిగండి. పొరపాటున ఎక్కితే కంగారు పడి ఆపవద్దు, వెనక్కి తీయవద్దు. నేరుగా పోయి, దిగాక, ముందున్న సెంటర్‌లో తిరిగి రండి. పది నిమిషాలు పోతే పోనివ్వండి. ఫ్లైఓవర్ మొదట్లో బండిని అడ్డంగా తిప్పబోయి వెనక వచ్చే బస్సు ముందు నిలబడిన కుర్రాళ్లను చూశాను. ఏ సరుకూ అంత విలువైనది కాదు.

ఇక నది. కృష్ణ దాటడానికి ఊళ్లోవాళ్లకు అలవాటైన దారులు రెండు. ఒకటి 1957లో కట్టిన ప్రకాశం బ్యారేజి. పొడవు 1,223 మీటర్లు. అవతల సీతానగరం, ఉండవల్లి, అక్కడి నుంచి అమరావతి గ్రామాలు. భారీ వాహనాలను దాని మీదికి పంపరు. స్కూటర్లు, కార్లు, ఆటోలకు అది చక్కని దారి. రెండోది 16వ నంబరు మీది కనకదుర్గ వారధి. లోడు బండికి ఇదే దారి. ఈ రెండూ కాక, ఊళ్లోకి రాకుండా పోవడానికి చిన అవుటపల్లి నుంచి గొల్లపూడి మీదుగా నది దాటి కాజ వైపు కలిసేలా పశ్చిమ బైపాస్ చేపట్టారు. మీకు ఊళ్లో పని లేకపోతే ఆ దారినే అడగండి. అందులో ఎంతవరకు బండ్లను వదులుతున్నారో బయలుదేరే రోజున టోల్ దగ్గరి సిబ్బందిని కనుక్కోవడం మంచిది. ఈ బైపాస్ మా ఊరికి ఎంత అవసరమో వారధి సెంటర్‌లో నిలబడి ఎండలో చెమటలు కక్కే కానిస్టేబుళ్లను అడిగితే చెబుతారు. దానికీ అవతల గుంటూరు, పల్నాడు, కృష్ణా, ఎన్టీఆర్, ఏలూరు జిల్లాలను చుట్టేలా దాదాపు 190 కిలోమీటర్ల అమరావతి బాహ్యవలయ రహదారిని కూడా ప్రతిపాదించారు.

వారధి మూసుకుపోతే ఏమిటని కొత్తవాళ్లు అడుగుతారు. దిగువన రోడ్డు వంతెన మళ్లీ పెనుమూడి–పులిగడ్డ దగ్గరే. రేపల్లె ఇటు, అవనిగడ్డ అటు. దసరాలో చెన్నై నుంచి విశాఖ పోయే లారీలను పోలీసులు ఒంగోలు దగ్గరి నుంచే చీరాల, బాపట్ల, రేపల్లె, అవనిగడ్డ, పామర్రు, గుడివాడ, హనుమాన్ జంక్షన్ మీదుగా మళ్లిస్తారు. హైదరాబాద్ నుంచి విశాఖ పోయేవాటిని ఇబ్రహీంపట్నం దగ్గరే మైలవరం, నూజివీడు మీదుగా హనుమాన్ జంక్షన్‌కు తిప్పుతారు. ఈ రెండు దారులనూ కాగితం వెనక్కి తిప్పి రాసి పెట్టుకోండి. దసరా పది రోజులూ, డిసెంబరులో భవానీ దీక్షల విరమణ రోజులూ పనికొస్తాయి. ఫిబ్రవరిలో గుణదల మాత ఉత్సవాలప్పుడు మాత్రం ఏలూరు రోడ్డు ఊసే ఎత్తకండి.

పట్టాలు దాటడం నదికన్నా కష్టం, ఎందుకంటే అక్కడ ఎత్తు అడ్డం వస్తుంది. వన్‌టౌన్, చిట్టినగర్ ఒక వైపు, గాంధీనగర్, గవర్నరుపేట మరో వైపు. మధ్యలో రైల్వే యార్డు. రైలు వంతెనల కింద నుంచి పోయే దారుల ముందు అడ్డంగా ఒక ఇనుప కమ్మీ ఉంటుంది. దగ్గరికి వెళ్లి చూడండి. పసుపు, నలుపు చారల రంగు మధ్యలో మాత్రం లేచిపోయి, ఇనుము బయటపడి, ఒక చోట కొద్దిగా లోపలికి వంగి ఉంటుంది. ప్రతి గీతా ఒక డ్రైవరు 'పడుతుందిలే' అనుకున్న క్షణం. మా బండ్లన్నిటికీ టేపు పెట్టి, పైన తాడు కట్టి టార్పాలిన్ కప్పాక ఎత్తు కొలిచి, స్టీరింగు ముందు తెల్ల పెయింటుతో రాయించాను. ఖాళీ బండి ఎత్తు రాసుకుంటే ప్రయోజనం లేదు. సైలెన్సర్ గొట్టాలు వేసుకున్న రోజు అది ఒక అడుగు పెరుగుతుంది.

చిట్టినగర్ నుంచి విద్యాధరపురం, భవానీపురం పోవాలంటే కొండను తొలిచిన సొరంగం ఉంది. చిన్న బండికి బాగుంటుంది. పట్టాలకు అవతల అజిత్‌సింగ్‌నగర్ పోవాలంటే ఫ్లైఓవర్. ఆ పక్కనే బుడమేరు. 2024 సెప్టెంబరు మొదట్లో ఆ వాగు పొంగినప్పుడు సింగ్‌నగర్ ఫ్లైఓవర్ దిగితే పడవలే. అదే రోజుల్లో బ్యారేజి దగ్గర ప్రవాహం 11 లక్షల క్యూసెక్కులు దాటింది. నందిగామ దగ్గర ఐతవరం వద్ద 65వ నంబరు రోడ్డు మీదికి నీళ్లు వచ్చి హైదరాబాద్ దారి తెగిపోయింది. ఊళ్లో వాన లేకపోయినా ఎగువ వానలకు మన రోడ్డు మునుగుతుందని అందరం కళ్లారా చూశాం. అప్పటి నుంచి వానాకాలంలో ఒక నియమం పెట్టాను. రోడ్డు మీద నీళ్లుంటే డివైడర్ రాయి కనిపిస్తోందా చూడండి. కనిపించకపోతే లోపలికి దిగవద్దు. ముందు లారీ పోయింది కదా అని వెంట పడవద్దు. రామవరప్పాడు నుంచి గొల్లపూడి వైపు పోయే ఇన్నర్ రింగ్ రోడ్డు మామూలు రోజుల్లో బెంజ్ సర్కిల్‌ను తప్పించే మంచి దారి. భారీ వానలప్పుడు మాత్రం బుడమేరు సంగతి కనుక్కోకుండా అటు పంపను.

గుంటూరు వైపు తేలిక. వారధి దాటాక తాడేపల్లి, మంగళగిరి, కాజ టోల్, నాగార్జున విశ్వవిద్యాలయం, పెదకాకాని. అన్నీ ఒకే వరుసలో వస్తాయి. జాగ్రత్త ఒక్కచోటే: గుంటూరు ఊళ్లోకి పోవాలంటే పెదకాకాని దాటాక సర్వీస్ రోడ్డు పట్టండి. పరధ్యానంగా ఉంటే బైపాస్ మిమ్మల్ని ఏటుకూరు దాకా తీసుకుపోయి చిలకలూరిపేట వైపు మళ్లిస్తుంది. ఊళ్లో మళ్లీ పట్టాలే. బ్రాడీపేట ఒక వైపు, పెద్దాసుపత్రి మరో వైపు. శంకర్ విలాస్ వంతెనను కొత్తగా కట్టే పని చేపట్టారు కాబట్టి కంకరగుంట, మూడు వంతెనల దారులు ముందే చూసిపెట్టుకోండి. మూడు వంతెనల దగ్గర లోడు ఎత్తు మరీ ముఖ్యం. ఫిబ్రవరి నుంచి ఏప్రిల్ వరకు మిర్చి యార్డు వైపు టిక్కీల (మిర్చి బస్తాల) లారీలు బారులు తీరతాయి. ఆ వైపు సరుకుంటే తెల్లవారకముందే దింపి వచ్చేయండి.

ఇదంతా కాగితం మీద ఎంత చదివినా రాదు. ఒక ఆదివారం ఉదయం స్కూటరు తీసుకొని ఒక్క కాలువనే పట్టుకోండి. రామవరప్పాడు నుంచి ఏలూరు కాలువ కట్ట వెంట వస్తూ, ప్రతి వంతెన దగ్గరా ఆగి, అవతలి వైపు ఏ పేట ఉందో, బండి పడుతుందో లేదో రాసుకోండి. మరో ఆదివారం రైవస్, ఆ పై వారం బందరు కాలువ. అలా తిరిగినవాళ్లకు ఏ సెంటర్ పేరు విన్నా అది ఏ నీటికి ఏ పక్కదో చటుక్కున తడుతుంది. దారి తప్పిన డ్రైవరు నాకు ఫోను చేస్తే అడిగేదీ అదే.

"అక్కా, ఎక్కడున్నానో తెలియడం లేదు."

"కాలువ కనిపిస్తోందా?"

"ఎడమ వైపు ఉందక్కా."

"నీళ్లు నీతో పాటు వస్తున్నాయా, ఎదురొస్తున్నాయా?"

నీళ్లు ఎదురొస్తుంటే బ్యారేజి వైపు, అంటే ఊరి నడిబొడ్డుకు పోతున్నట్లు. తోడొస్తుంటే ఊరి బయటికి. ఈ ఒక్క సమాధానంతో సగం దారి తేలిపోతుంది. కాలువలు కట్టేసిన వేసవి రోజుల్లో మాత్రం దుకాణం బోర్డు చదవమంటాను.

మిగిలినవి చిన్నవి. టోల్ ఉన్న దారిలో వెళ్లి 24 గంటల్లోపు తిరిగి వస్తే రానుపోను కలిపి ఒక వైపు రుసుముకు ఒకటిన్నర రెట్లే పడుతుంది కాబట్టి కాజ, కీసర, పొట్టిపాడు టోళ్ల వైపు ట్రిప్పులు అదే రోజు ముగిసేలా వేసుకోండి. ఫాస్టాగ్‌లో డబ్బు ముందు రోజు రాత్రే చూసుకోండి. జాతీయ రహదారి మీద బండి ఆగిపోతే రహదారి సహాయ నంబరు 1033కు ఫోను చేయండి. చేసే ముందు బండిని ఎడమ అంచుకు తీసి, వెనక వచ్చేవారికి దూరం నుంచే తెలిసేలా గుర్తు పెట్టండి. వాళ్లు అడిగేవరకు ఆగకుండా రోడ్డు నంబరు, దగ్గరలోని కిలోమీటరు రాయి మీది అంకె, మీరు చెన్నై వైపు పోతున్నారో విశాఖ వైపు పోతున్నారో ఈ వరుసలోనే చెప్పండి. అవతలి వైపు రోడ్డు మీదికి క్రేన్ పంపితే, అది తిరిగి రావడానికి ఎక్కడో దూరాన డివైడర్‌లో కట్ దొరకాలి.