పేరు అర్థం ఇట్లా సరిచూసుకున్నాం

మా అక్క కొడుకుది చిత్త నక్షత్రం నాలుగో పాదం, పేరు ‘రి’ అక్షరంతో మొదలవ్వాలి. ఫోన్‌లో వెతికి ‘రియాంశ్’ అన్నారు. ఒకచోట సూర్యుడి తొలి కిరణమని, ఇంకోచోట విష్ణువు అంశ అని రాసుంది. రెండూ ఎట్లా కుదురుతాయి? పేరును విడగొట్టి చూశా. అంశ అంటే భాగం. కిరణమైతే అంశువు, పాత సంస్కృత నిఘంటువు అమరకోశంలో దిగ్వర్గం అనే భాగంలో ఉంది. ‘రియా’ మాత్రం కడప బ్రౌన్ గ్రంథాలయంలో నేను తిరగేసిన నిఘంటువుల్లో కనిపించలేదు. ‘తొలి’ అన్న ముక్క ఎవరు అతికించారో మరి!

అదే అక్షరంతో రిపుంజయ్ దొరికింది. రిపువు శత్రువు, రిపుంజయుడు శత్రువుల్ని గెలిచేవాడు. బావకు నచ్చింది. పాతకాలం పేరని అక్క కాస్త మూతి ముడిచి, చివరికి సరేనంది. జనన నమోదులో పేరు చేర్చడానికి 12 నెలల వరకు రుసుం లేదు కాబట్టి టెన్షన్ పడలేదు. దరఖాస్తులో స్పెల్లింగ్ మాత్రం ఒకటికి రెండుసార్లు చూసి ఇచ్చాం.